గడప బయట ప్రపంచ చరిత్ర

దేశాలు ఎలా పుట్టాయి, ఎలా చీలాయి, ఎవరు ఎవరితో కలిశారు అన్న విషయంలో నన్ను ఓడించినవాళ్లు హనుమకొండ స్టడీ హాల్లో ఎవరూ లేరు. ఉన్నా వాళ్ల గురించి నేనిక్కడ రాయను. గ్రూప్స్‌కు చదివే ఆడపిల్లలం మధ్యాహ్నం టిఫిన్ డబ్బాలు మూసేశాక ఒకరినొకరం ప్రశ్నలతో పొడుచుకునేవాళ్లం. అలా పొడిచి పొడిచి నాకు అదే అలవాటైపోయింది. ఎదుట మనిషి కనబడితే చాలు, ఈమెకు ఎంత తెలుసో చూద్దామని నాలుక దురద పెట్టేది.

మా నాన్నది కేసముద్రం మార్కెట్‌లో పత్తి అడ్తి వ్యాపారం. "ఇటలీ ఎప్పుడు ఒక్కటైతే మనకేంది బిడ్డా, ముందుగాల నీ సంబంధం ఖాయం గానియ్యి" అనేవాడు. చివరికి వరంగల్‌లో బట్టల దుకాణం వాళ్ల సంబంధం వచ్చింది. అబ్బాయికి ఒక అక్క. మడికొండకు ఇచ్చారు, అక్కడే ప్రైవేట్ బడిలో సోషల్ చెబుతుంది. పెళ్లిచూపుల్లో ఆమె నన్ను నవ్వుతూ పలకరించింది.

"ఏం సబ్జెక్ట్ ఇష్టం నీకు?"

"ప్రపంచ చరిత్ర వదినా" అన్నాను. అక్కడితో ఊరుకోవచ్చు కదా? ఊరుకోలేదు. "ప్రపంచంల అన్నిటికన్న కొత్త దేశం ఏది చెప్పు వదినా?"

"కొసావో" అందామె, ఏమాత్రం తడుముకోకుండా.

"కాదు. దాని తర్వాత దక్షిణ సూడాన్ వచ్చింది."

మా అమ్మ నా తొడ మీద గిచ్చిన గిచ్చుడుకు కళ్లలో నీళ్లు తిరిగాయి. అబ్బాయి మాత్రం పక్కకు తిరిగి నవ్వాడు. నేను ఆ సంబంధానికి ఒప్పుకున్నది ఆ నవ్వు చూసే. వదిన నవ్వలేదు. ఆమె చేతిలోని కారప్పూస విరిచిన తీరు చూసి, ఇది ఇంతటితో పోదని నాకు అప్పుడే అనుమానం వచ్చింది.

ఇక అసలు సంగతి. నా పరీక్ష సరిగ్గా పెళ్లయిన నెలలోనే పడింది. అది రాయడానికి నేను పడ్డ పాట్లు నాకే తెలుసు. "పెండ్లైనంక పరీక్ష రాస్తనంటాంది" అని నాన్న మెల్లగా అడిగితే, కాబోయే మామయ్య గడ్డం గోక్కుని "చూద్దాం" అన్నాడు. నాన్న దాన్ని సరే అనుకున్నాడు. నేను అలా అనుకోలేకపోయాను. ఆ ఇంట్లోకి వెళ్లాక ఒంటరిగా అడిగే ధైర్యం ఉంటుందో లేదోనని పెళ్లి పీటల మీద కూడా అదే బెంగ. హాల్ టికెట్ నా హ్యాండ్‌బ్యాగులోనే ఉంది.

పెళ్లయింది. వరంగల్‌లోని ఇంటి గడప ముందు ఇద్దరినీ నిలబెట్టారు. మా వైపు ఆడబిడ్డ తలుపుకు అడ్డం నిలబడి, కొత్త కోడలితో మొగుడి పేరు చెప్పించి గానీ లోపలికి రానివ్వదు. నేను పేరు కలిపి రెండు వాక్యాలు అల్లుకుని సిద్ధంగా ఉన్నాను. వదిన రెండు చేతులూ తలుపు చెక్కలకు ఆనించి నిలబడింది.

"పేరెందుకు? నా తమ్ముని పేరు నాకు తెల్వదా? నేను అడిగినయి చెప్పి లోపటికి రా."

నాకు అర్థమైపోయింది. ఈమె కూడా చదువుకుని వచ్చింది.

"ఇటలీ ఒక్కటైన కొత్తల రాజధాని ఏది?"

"రోమ్" అని నా పక్కన ఆయన గొణిగాడు. కొత్త పెళ్లికొడుకని చూడకుండా కాలు తొక్కాను.

"ట్యూరిన్" అన్నాను.

చుట్టాలు ఈలలు వేశారు. బ్యాండు వాళ్లు ఎందుకైనా మంచిదని ఒక దరువు వేశారు. వదిన ముక్కు పుటాలు అదిరాయి.

"మంచిగనే చదివినవ్. చెకోస్లోవేకియా రెండు ముక్కలెట్లైంది?"

అది నాకు ప్రాణమైన ప్రశ్న. ఎక్కడున్నానో మరిచిపోయాను. "కొట్లాట లేదు, రక్తం లేదు వదినా! కూసొని మాట్లాడుకున్నరు, ఉన్నది పంచుకున్నరు, ఎవల తొవ్వ వాళ్లు వట్టిన్రు. విడిపోతే గట్ల విడిపోవాలె!"

హారతి పళ్లెం పట్టుకున్న ముసలమ్మ మామయ్యకు మేనత్త. ఆమె పళ్లెం కింద పెట్టేసింది.

"గడపల కాలు వెట్టకముందే విడిపోవుడు ముచ్చటేందే పిల్లా?"

"అమ్మమ్మా, గది చెకోస్లోవేకియా ముచ్చట" అంది వదిన కంగారుగా.

"ఏ ఊరోల్లదైతేంది? శుభమా అని వచ్చి గవేం మాటలు?"

గడప దగ్గర పుట్టిన మాట వాకిలి దాటేసరికి, కోడలు వేరు కాపురం అడుగుతోందని అయింది. గేటు దాటేసరికి దుకాణంలో వాటా కూడా అడిగిందని అయింది. వీధిలో వ్యాన్ నుంచి సామాను దింపిస్తున్న మా నాన్న చెవిన పడేసరికి ఏమైందో తెలియదు, ఆయన దింపిన బీరువాను మళ్లీ ఎక్కించమన్నాడట. పంతులుగారు గడియారం చూసుకుంటూ ముహూర్తం దాటిపోతోందని గుటకలు మింగుతున్నారు.

"జర ఆగున్రి, కలిసినయి గూడ ఉన్నయి" అని వదిన అందరికీ చేతులు ఊపి, నా వైపు తిరిగి కళ్లతో బతిమాలింది. "కలిసిన దేశం ఒకటి చెప్పు పిల్లా. జల్ది."

"టాంగన్యికా, జాంజిబార్" అన్నాను. "రెండు కలిసినయి. ఇద్దరి పేర్లు గూడ కలుపుకొని టాంజానియా అని వెట్టుకున్నయి."

"పేర్లు గూడ కలుపుకున్నయా?" ముసలమ్మ మొహం కాస్త వదులైంది. "గిది మంచిగుంది. ముందుగాలనే గిది చెప్పరాదూ?" పళ్లెం మళ్లీ చేతికి తీసుకుంది.

వదిన చేతులు దించి దారి ఇచ్చింది. "ఇగ రా."

నేను కదల్లేదు. ఇంతమంది ముందు ఇంత పరువు పోగొట్టుకున్నాక ఇక భయపడటానికి ఏం మిగిలిందనిపించింది. "నాదొక ప్రశ్న ఉంది" అన్నాను. "నన్ను పరీక్ష రాయనిస్తరా, రాయనియ్యరా? మామయ్య చెప్పాలె."

మామయ్య గడ్డం మీదికి చెయ్యి పోయింది. "ఇప్పుడెందుకు తల్లీ గవన్ని? చూద్దాం."

అప్పటిదాకా తలుపు వెనక నీడలా నిలబడ్డ అత్తగారు ముందుకొచ్చింది. పెళ్లిచూపుల నుంచి ఆ క్షణం దాకా ఆమె గొంతు నేను సరిగ్గా విననేలేదు.

"దుకాణంల ఇయ్యదల్సుకోని బేరానికే 'చూద్దాం' అంటడు బిడ్డా. నువ్వు మోసపోకు" అంది నాతో. తర్వాత అందరికీ వినబడేలా, "నేను గిదే గడపల నిలవడ్డనాడు మీ మామ పేరొక్కటే అడిగిన్రు. ఆ తర్వాత గీ ఇంట్ల నన్నెవ్వలూ ఏదీ అడుగలే. పిల్ల అడుగుతాంది. అవునో కాదో చెప్పున్రి" అంది.

మామయ్య చెయ్యి గడ్డం మీదే ఆగిపోయింది.

"రాయనియ్యి. నేనేమన్న వద్దంటినా?" అన్నాడు చివరికి.

నేను కుడికాలు లోపల పెట్టాను. నాకు ఏడుపొచ్చింది, దాచుకోలేదు కూడా. బయట బీరువా మళ్లీ దిగింది.

మర్నాడు పొద్దున్నే వంటింటి పక్క గదిలో పుస్తకం ముందేసుకుని కూర్చున్నాను. అత్తగారు చెయ్యి తుడుచుకుంటూ వచ్చి కాసేపు గుమ్మంలో నిలబడింది.

"నన్ను గూడ ఒకటి అడుగు" అంది. "జర కష్టందే అడుగు. అల్కగ అడిగితే నాకేం తెల్వదనుకున్నట్టైతది."

నేను ఆలోచించాను. "కొత్త టర్కీ దేశమైనంక రాజధాని యాడ పెట్టుకున్నరు అత్తమ్మా?"

"ఇన్నేండ్ల సంది టర్కీ టవల్లు అమ్ముతాన్నం, గది తెల్వదా? ఇస్తాంబుల్."

"తప్పు అత్తమ్మా. అంకారా."

ఆమె మొహం వెలిగిపోయింది. కుర్చీ నా దగ్గరికి లాక్కుని కూర్చుంది.

"తప్పా? అయితే ఇంకోటి అడుగు" అంది.