దూరం బల్ల మీద సుడి బన్ను

ముప్పై ఒక్క ఏళ్లు గ్లెనిస్ ఇంట్లో రాత్రి భోజనం పొద్దున ఏడింటికే. భర్త క్లారీ కొండ మీద వేధశాలలో రాత్రంతా టెలిస్కోప్ నడిపి దిగి వచ్చేవాడు. ఆమె గొర్రె చాప్స్, మెదిపిన బంగాళాదుంపలు వడ్డించి, పడగ్గది కిటికీకి దళసరి దుప్పటి బిగించి, మధ్యాహ్నం రెండింటికి అతను నిద్ర లేచే దాకా వీధికి కాపలా కూర్చునేది. ఎవరైనా గడ్డి కోసే యంత్రం బయటికి తీస్తే గుమ్మంలోకి వచ్చి చూసేది, అంతే. ఆ చూపుకే యంత్రం షెడ్డులోకి వెళ్ళిపోయేది.

మార్చిలో క్లారీ పోయాడు. ఇప్పుడామె పొద్దున ఒక్క టోస్టు ముక్క తింటుంది. వీధి మాత్రం ఇంకా రెండింటి దాకా నోరు మెదపదు. ఇక చప్పుడు చేసుకోవచ్చని ఆమె చెప్పలేదు, అడిగే ధైర్యం ఎవరికీ లేదు. ఎదురింటి మెర్వ్ తుమ్ము వస్తే గరాజ్‌లోకి పోయి తుమ్మి వస్తున్నాడు.

ఆమెకు మిగిలింది దూరం బల్ల ఒకటి. ఏటా అక్టోబరులో ఒక శనివారం వేధశాల వాళ్ళు ఊరందరినీ కొండెక్కిస్తారు. సిడ్నీ నుంచి కూడా జనం వస్తారు. టీ బాధ్యత మహిళా సంఘానిది. సంఘం వారు విశ్వాన్ని రెండు బల్లల మీద సర్దేస్తారు. దగ్గరి గెలాక్సీల బల్ల మీద డల్సీ చేసే దాల్చినచెక్క సుడి బన్నులు, దూరపు గెలాక్సీల బల్ల మీద గ్లెనిస్ కాల్చే ఎండుద్రాక్ష గడ్డ కేకులు. అంత దూరం నుంచి ఇప్పుడు చేరేది విశ్వం తొలినాళ్ల వెలుగు. అప్పటి గెలాక్సీలకు ఆకారం ఉండదని పండితులే చెప్పారు కదా, ఆకారం రాని చెయ్యి ఆ బల్లకు సరిపోయింది. ఇరవై రెండేళ్లుగా అది ఆమెదే.

సెప్టెంబరు సమావేశానికి వేధశాల నుంచి థాలియా అనే కుర్ర శాస్త్రవేత్త కాగితం మీద ఒక గెలాక్సీ బొమ్మ పట్టుకుని వచ్చింది.

"విశ్వం పుట్టి నూటయాభై కోట్ల ఏళ్లకే ఇది చక్కగా సుడి తిరిగి కూర్చుంది! మా లెక్కల ప్రకారం ఇది ఉండకూడదు."

"ఉండకూడనివాళ్ళు ఉండటం ఈ సంఘంలో కొత్తా ఏంటి?" అంది డల్సీ. తర్వాత బొమ్మను తనవైపు లాక్కుంది. "అయితే దూరం బల్లకీ సుడి బన్ను కావాలన్నమాట. ఈ ఏడు రెండు బల్లలూ నేనే చూసుకుంటాలే. నువ్వు కాస్త విశ్రాంతి తీసుకోవే గ్లెనిస్, పాపం."

ఆ 'పాపం' గ్లెనిస్‌కు ముల్లులా దిగింది. ఆరు నెలలుగా ఊరు ఊరంతా పాపం అంటూనే ఆమె చేతిలోంచి ఒక్కో పనీ లాక్కుంటోంది. చర్చిలో పూలు పెట్టే పని పోయింది. లాటరీ టికెట్లు అమ్మే పనీ పోయింది. ఈ బల్ల కూడా పోతే దుప్పటి తీసి లేవడానికి సాకంటూ ఉండదు.

"ఎంత దూరం అమ్మాయ్ అది?"

"వెలుగు మన దాకా రావడానికే పన్నెండు వందల కోట్ల ఏళ్లు పట్టింది ఆంటీ."

"దూరమేగా. అయితే నాది."

"నీకు సుడి తిరగదే! పోయినేడు నీ కేకు కొరికి మెర్వ్‌కి పన్నూడింది."

"అది ముందే ఊగుతున్న పన్ను."

ఇద్దరూ తెచ్చేట్టు, బొమ్మకు ఏది దగ్గరగా ఉంటే దానికే బల్ల దక్కేట్టు థాలియా తీర్పు చెప్పి బయటపడింది.

గ్లెనిస్ చేసిన మొదటి సుడి ఓవెన్‌లో విప్పుకుని పాములా బారుగా పడుకుంది. రెండోదాన్ని కుక్క వాసన చూసి వెళ్ళిపోయింది. ఐదోది మాడాక ఆమె బొమ్మను పిండి డబ్బాకు ఆనించి తీరిగ్గా చూసింది. నడిమి నుంచి చాచుకున్న సుడి చేతుల పొడవునా పూసలు గుచ్చినట్టు మెరిసే గడ్డలున్నాయి. గడ్డలా! పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచి ఆమె చేస్తున్నవే అవి. "చూడు క్లారీ..." అనబోయి, పిండి చేత్తో నోరు మూసుకుంది. కాసేపటికి మూతి తుడుచుకుని గడ్డ కేకుల పిండి కలిపింది.

శనివారం రెండు పళ్ళాలు పక్కపక్కన పెట్టారు. డల్సీది నున్నగా, పెళ్లికూతురిలా మెరుస్తోంది. గ్లెనిస్‌దానికి ఒక చెయ్యి లావు, ఒక చెయ్యి సన్నం, రెంటి నిండా బొడిపెలు. థాలియా బొమ్మను చూసింది, పళ్ళాన్ని చూసింది, డల్సీ మొహం చూసి బొమ్మను పళ్ళాల మధ్య పెట్టేసి పక్కకు జరిగింది. డల్సీ కళ్లజోడు పెట్టుకుని రెంటి మీదికీ వంగింది. చాలాసేపు లేవలేదు.

"అచ్చం అదే," అంది చివరికి. "ఇంత వికారంగా కాల్చడం నా తరం కాదే తల్లీ. బల్ల నీదే."

మెర్వ్ అప్పటికే ఒక చెయ్యి కోసుకుని నోట్లో వేసుకున్నాడు. "పన్నెండు వందల కోట్ల ఏళ్ల పాతదన్నారు. మెత్తగానే ఉందే!"

నాలుగింటికి బల్ల ఖాళీ. సింకులో కప్పులు, పళ్ళాలు గుట్టగా పడ్డాయి. ఏటా ఈ వేళకి జనం టెలిస్కోప్ ఉన్న గోపురంలోకి ఎక్కుతుంటే గ్లెనిస్ మోచేతుల దాకా నురగలో ఉండేది. క్లారీ పనిచేసిన చోటు ఆమె ఒక్కసారీ చూడలేదు. థాలియా తలుపు దగ్గర ఆగింది.

"ఆఖరి జట్టు ఎక్కుతోంది ఆంటీ. క్లారీ గారి కుర్చీ ఇంకా అక్కడే ఉంది. వస్తారా?"

గ్లెనిస్ కుళాయి కట్టేసి ఏప్రన్ విప్పింది. డల్సీ చొక్కా చేతులు పైకి మడుచుకుంటూ సింకు దగ్గరికి వచ్చింది.

"ముట్టుకున్నావంటే ఊరుకోను," అంది గ్లెనిస్. "దూరం బల్ల గిన్నెలు నావి. అలాగే పడుండనీ."

కప్పులన్నీ ఎక్కడివక్కడే వదిలేసి, ఆమె థాలియా వెనక మెట్లెక్కింది.