లోకేశ్వరి తాగని పాలు

తమిళం మాట్లాడే ఉప్పళంలో కరెంటాఫీసు లోకేశ్వరిని ఎరగనివాళ్లు లేరు. ఎరగనట్టు నటించేవాళ్లు ఉన్నారు, వాళ్లలో ఎక్కువమంది ఆమె చుట్టాలే. అటెండరు ఉద్యోగం, యాభై ఎనిమిదేళ్ల వయసు, ఎంతటివాణ్నయినా నిలబెట్టి కడిగేసే నోరు, కుడిచేతికి బొల్లి. వేళ్ల కొసల నుంచి మణికట్టు దాటేదాకా చర్మం తెల్లగా ఉంటుంది. బస్సులో సీటు దొరక్కపోతే ఆ చేతిని తీసుకెళ్లి ఎదుటి సీటు కమ్మీ మీద ఆనిస్తుంది. కూర్చున్నావిడ ఒకసారి చూస్తుంది, మళ్లీ చూస్తుంది, తన స్టాపు ముందే వచ్చేసినట్టు లేచిపోతుంది. లోకేశ్వరి ఆ చోట్లో సర్దుకుని కూర్చుని, ఇది దేవుడిచ్చిన బస్సు పాసు అంటుంది.

దేవుడిచ్చాడని ఆమె అంటుంది గానీ, ఇంట్లో చెప్పే కథ వేరు. ఆమెకు పదిహేనో ఏట వేలి మీద మొదటి మచ్చ కనబడగానే, తల్లి జయమ్మాళ్ చుట్టాలందరినీ కూర్చోబెట్టి కారణం చెప్పేసింది. పిల్ల ఆదివారం నాడు కడుపునిండా చేపల పులుసు తిని, ఆ వెంటనే వంటింటి మూల నక్కి చెంబెడు పాలు తాగిందట. చేపలూ పాలూ కడుపులో కలిస్తే ఒంటి మీద తెల్లమచ్చ లేస్తుందని వాళ్ల కులంలో పాలు తాగే పసివాడికి కూడా తెలుసు. ఇంకేముంది, తిండికి ఆశపడి చేసుకున్న ఖర్మ అని అందరూ తీర్పు చెప్పి, కాఫీలు తాగి వెళ్లిపోయారు. నేను తాగలేదు మొర్రో అని లోకేశ్వరి నెత్తీ నోరూ కొట్టుకుంది. దొంగతనం చేసిన పిల్ల చేశానంటుందా అన్నారు.

ఆ తరవాత మచ్చకి మందని బావంచాల గింజలు నూరి ముద్ద రాశారు, వేపాకు నూరి తాగించారు, తిరుపతికి తీసుకెళ్లి మూడుసార్లు గుండు చేయించారు. స్వామికి జుట్టు ముట్టింది, మచ్చ మాత్రం దాని దారిన అది పాకింది. పెళ్లిచూపులకని ఒక్కరూ రాలేదు. లోకేశ్వరి కొన్నాళ్లు ఏడ్చింది, ఆపైన పరీక్ష రాసి ఉద్యోగం తెచ్చుకుంది. పెళ్లిళ్లలో ఆమెకు ఎప్పుడూ ఒకటే పని, మండపం గుమ్మం దగ్గర నిలబడి తాంబూలం సంచులు అందించడం. సంచి మీద ప్లాస్టిక్ కవరు ఉంటుంది కదా, భయం లేదు. గరిటె మాత్రం ఏ శుభకార్యంలోనూ ఆమె చేతికి ఇవ్వలేదు.

చెల్లెలు భువనేశ్వరిది ఊరికి ఆ చివర సారం పేటలో కాపురం. పిల్లలకి పెళ్లిళ్లు చేసేసింది, మోకాళ్ల నొప్పులు తెచ్చుకుంది. అక్కంటే ఆమెకు ప్రాణం. అక్క చేతి తిండి అంటేనే ఆ ప్రాణం మీదికొస్తుంది. వచ్చినప్పుడల్లా ఇప్పుడే తినొచ్చానంటుంది, సంచిలోంచి తన నీళ్ల సీసా తీసుకుని తాగుతుంది. ముప్పై అయిదేళ్లుగా ఆ మనిషి ఉప్పళం ఎప్పుడొచ్చినా ఇప్పుడే తినే వచ్చింది.

ఇక ఇంట్లో నియమం సంగతి. చేపలు వండిన ఆదివారం ఆ గడపలోకి పాలు రాకూడదు. పెరుగు రాకూడదు, మజ్జిగ మాట ఎత్తకూడదు. మిగతా రోజుల్లో జయమ్మాళ్ చిక్కటి కాఫీ గ్లాసు మీద గ్లాసు తాగే మనిషి. ఆదివారం మాత్రం తలకి తువ్వాలు బిగించి కట్టుకుని, కాఫీ లేని తలనొప్పితో మూలుగుతూ మంచం మీద పడుండేది, గానీ చుక్క పాలు ముట్టేది కాదు. పెద్దాసుపత్రిలో చర్మం డాక్టరు ఒకాయన, చేపలకీ పాలకీ మచ్చకీ ఏ సంబంధమూ లేదని లోకేశ్వరికి విడమరిచి చెప్పాడు. ఇంటికొచ్చి అదే మాట అంటే, ఆయన అయ్యరు, ఆయన చేపను యాడ చూసుండాడు అని జయమ్మాళ్ కొట్టిపారేసింది.

ఈమధ్య జయమ్మాళ్‌కి జ్వరం వచ్చి తగ్గింది, నోరు మాత్రం చెడింది. ఎనభై నాలుగేళ్లు, పళ్లు లేవు, కట్టుడు పళ్లు పెడితే ఉమ్మేస్తుంది. గంజి ఇస్తే గోడవైపు తిరిగి పడుకుంటుంది. చేప కావాలంటుంది, ముల్లుకి భయపడుతుంది. ముసలిది రోజురోజుకీ మంచానికి అతుక్కుపోతుంటే లోకేశ్వరికి లోపల దిగులు పట్టుకుంది. ఫోనులో చేపల సూపు ఎట్లా చేస్తారో వెతికింది. ఎక్కడో మంచు దేశంలో ఒకావిడ గిన్నెలో చేపముక్కలు వేసింది, రొయ్యలు వేసింది, ఆ తరవాత ఏ దేవుడి భయమూ లేకుండా లీటరు పాలు కుమ్మరించింది. పైన మీగడ కూడా పోసింది. లోకేశ్వరి గిన్నెకేసి చూడలేదు, ఆవిడ చేతులకేసి చూసింది. మోచేతుల దాకా ఒక్క మచ్చ లేదు.

అప్పుడామెకు ఒళ్లు మండిపోయింది. శిక్ష ఇన్నేళ్లు అనుభవించాను, నేరం ఒక్కసారైనా చేయకుండా చస్తే ఎట్లా అనుకుంది. చేస్తే దొంగతనంగా కాదు, పట్టపగలు చేయాలి. తన చేత్తో చేసిన చేపల పాలసూపును తన తోడబుట్టింది తన కళ్లముందు తాగాలి. ఈ జన్మకి అది చాలు. వెంటనే భువనేశ్వరికి ఫోను చేసి, అమ్మకి ఒంట్లో బాగాలేదు, ఆదివారం మధ్యాహ్నం రా అని పిలిచింది. పాల సంగతి ఎత్తలేదు.

శనివారం సాయంత్రమే పాల ప్యాకెట్లూ వెన్నా మీగడ డబ్బా కొని, ఫ్రిజ్జు అడుగున మునగకాయల కింద దాచింది. ఈ ఊళ్లో బ్రాందీ సీసాలు దాచినవాళ్లు వీధికి పదిమంది ఉంటారు. పాల ప్యాకెట్టు దాచిన ఆడది ఈమె ఒక్కతే.

పొద్దున్నే వీధి మలుపులో తేన్మొళి గంప దించింది. కాలాపేట నుంచి మొదటి బస్సులో చేపలు తెచ్చే మనిషి. లోకేశ్వరి ఒక కొడువా చేపా, రొయ్యలూ, రెండు ఎండ్రకాయలూ ఏరింది. ముల్లు ఒక్కటి కూడా ఉండకూడదు, పులుసుకి కాదు, పాలల్లో వేస్తున్నాను అని తమిళంలో చెప్పింది. తేన్మొళి కత్తి ఆపి, ఆ తెల్లచేతి వంక ఒకసారి చూసి, ఇప్పుడు నీకు కొత్తగా పోయేదేముందిలే అక్కా అంది. ఇద్దరూ పగలబడి నవ్వారు. తేన్మొళి ముల్లు తీసిన ముక్కలతో పాటు తలకాయ ఊరికే ఇచ్చింది.

వంటింటి తలుపు దగ్గరికి వేసి లోకేశ్వరి పనిలోకి దిగింది. వెన్న కరిగించి, ఉల్లిపాయా, రొయ్యల పెంకులూ తలకాయలూ ఎర్రగా వేయించింది. చేపతలా ఎండ్రకాయలూ వేసి, నీళ్లు పోసి మరిగించి వడకట్టింది. ఎండ్రకాయల కండ ఓపిగ్గా గీరి పక్కన పెట్టింది. ఇంకో గిన్నెలో వెన్నతో మైదా వేయించి, సన్నసెగ మీద పాలు కొంచెం కొంచెంగా పోస్తే ఉండలు కట్టింది. తిట్టుకుంటూ మజ్జిగ కవ్వం తెచ్చి గిలక్కొట్టింది. ఉండలు విడిపోయాయి. ఇంతలో కుడిచేయి దానంతటది చింతపండు డబ్బా మీదికి పోయింది. నలభై ఏళ్ల అలవాటు, చేప కనిపిస్తే పులుపు వెయ్యాల్సిందే. వేసుంటే పాలు విరిగేవి, కొంపలంటుకునేవి. ఆ చేతిని ఎడమచేత్తో ఒకటి కొట్టి వెనక్కి తీసుకుంది. వడకట్టిన నీళ్లు పోసి, చేపముక్కలూ రొయ్యలూ ఎండ్రకాయల కండా వేసి, మిరియాల పొడి చల్లి, చివర మీగడ కలిపింది. సూపు చిక్కగా, లేత పసుపు రంగులో వచ్చింది. వాసన కమ్మగా ఉంది. నేరం ఇంత కమ్మగా ఉంటుందని ముందే తెలిస్తే అప్పుడే చేసుండేదాన్ని అనుకుంది.

భువనేశ్వరి వచ్చింది, నీళ్ల సీసాతో సహా. కాళ్లు కడుక్కుని వంటింట్లోకి తొంగిచూసి, పొయ్యి గట్టు మీద ఒకవైపు వడకట్టి తీసిన చేపతలా, ఇంకోవైపు ఖాళీ పాల ప్యాకెట్లూ చూసి, తలుపు పట్టుకుని నిలబడిపోయింది.

"ఏందిక్కా ఇది! నీకేమన్నా పైత్యమా?"

"సూపు. చేపలు, రొయ్యలు, ఎండ్రకాయ, పాలు. నీకు కొంచం, అమ్మకి కొంచం, మిగిలింది నాకు."

"అమ్మకా? అమ్మకి పోస్తావా? పెద్ద ప్రాణం అక్కా, ఏమన్నా అయితే?"

"ఏమయితాది? ఎనభై నాలుగేళ్లకి మచ్చొస్తే సంబంధాలు తప్పిపోతాయా?"

చెల్లెలు అరుస్తూనే ఉంది, లోకేశ్వరి మూడు గిన్నెల్లో పోసుకుని మంచం దగ్గరికి నడిచింది. పెద్ద యుద్ధానికే సిద్ధపడి వచ్చింది. అమ్మ గిన్నె విసిరేస్తే ఏమనాలో, ఏడిస్తే ఏమనాలో, దిండు కింద తల పెట్టుకుంటే ఏమనాలో వారం రోజులుగా మాటలు కూడబెట్టుకుంది. అమ్మ ముందు గిన్నె పెట్టి గొంతు సవరించుకుంది.

"అమ్మా, దీంట్లో పాలుండాది. చేపల్లోనే పోసుండాను."

"తాగొద్దమ్మా!" అంది భువనేశ్వరి.

జయమ్మాళ్ గిన్నెలోకి చూసింది. స్పూను తీసుకుంది. ఊదుకుని ఒక గుటక మింగింది. ఇంకో గుటక మింగింది. రొయ్యని చిగుళ్లతో నలిపి చప్పరించింది.

"మిరియాలు చాల్లేదు," అంది.

లోకేశ్వరి కూడబెట్టుకున్న మాటలన్నీ దండగయ్యాయి. చేపల రోజున పాలవాడు గేటు ముట్టుకున్నా శాపనార్థాలు పెట్టిన మనిషి ఈవిడ. ఇప్పుడు చెయ్యి వణక్కుండా, దేవుణ్ని తలవకుండా, వేడి ఒక్కటే చూసుకుంటూ తాగుతోంది. ఆ మొహంలో భయమన్నది మందుకైనా లేదు. ఇవాళ కొత్తగా పోయిన భయం కాదది, ఆవిడకి మొదట్నుంచీ లేనే లేని భయం. అది అర్థమయ్యేసరికి లోకేశ్వరి మంచం అంచున కూర్చుంది.

"అమ్మా. ఆ దినం నేను పాలు తాగలేదు."

"తెలుసు."

"తెలుసా?"

"చెంబు పాలతో నేనే మీ నాయినకి కాఫీ పెట్టుండాను. నువ్వు యాడ తాగుతావు?" జయమ్మాళ్ స్పూను గిన్నెలో పెట్టింది. "మచ్చ ఇంటి రెగతంలోనే, నెత్తుట్లోనే ఉండాదని ఊరు అనుకునుంటే ఏమయ్యుండును? చిన్నది, దీన్ని ఎవురు చేసుకునుందురు? దీనికప్పుడు పన్నెండేళ్లు. బిడ్డ తిండికి ఆశపడి తెచ్చుకునిందంటే, తప్పు బిడ్డతోనే పోతాది. దీనిదాకా రాదు. అందుకని చెప్పినా."

భువనేశ్వరి చేతిలోని నీళ్ల సీసా మెల్లగా కింద పెట్టింది.

"నాకైనా చెప్పుండకూడదా?" అంది లోకేశ్వరి. "ఇన్నేండ్లలో ఒక్క దినం, గుసగుసగానైనా?"

"నీకు చెప్తే ఊరికంతా చెప్పుందువు. నీ నోరు నాకు తెలీదా? ఇద్దర్నీ ముంచేదానికి మనసు లేక ఒకర్ని ముంచినా. నిన్నే ముంచినా, నువ్వైతే ఈదుతావని." జయమ్మాళ్ స్పూను మళ్లీ చేతిలోకి తీసుకుంది. "ఆదివారం కాఫీ నేను మాత్రం తాగినానా, చెప్పు."

లోకేశ్వరికి కోపం వచ్చింది. అంతా ఇంతా కాదు, గిన్నెలన్నీ తీసి వీధిలోకి విసరాలన్నంత కోపం వచ్చింది. గుండు గీసిన రోజులు గుర్తొచ్చాయి, తాంబూలం సంచులు గుర్తొచ్చాయి. తువ్వాలు కట్టుకుని మూలిగిన ఆదివారాలూ గుర్తొచ్చాయి, కోపం ఇంకా పెరిగింది. తన బతుకుకి బదులు ఈవిడ వదులుకున్నది వారానికొకరోజు కాఫీ! నవ్వు కూడా వచ్చింది, అదే ఎక్కువ బాధపెట్టింది. కళ్లనిండా నీళ్లు తిరిగాయి, తుడుచుకోలేదు.

అప్పుడు భువనేశ్వరి తన గిన్నె చేతిలోకి తీసుకుంది. కళ్లు గట్టిగా మూసుకుని, పిల్లలు ఆముదం తాగినట్టు ఒక గుటక మింగింది. కళ్లు తెరిచి ముందు తన ముంజెయ్యి తిప్పి చూసుకుంది. అక్క చూస్తోందని గ్రహించి సిగ్గుపడి, మళ్లీ తాగింది. గిన్నె అడుగు గీరేదాకా తాగింది. కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది.

"ఇంకొంచం పొయ్యక్కా," అంది ఏడుస్తూనే.

లోకేశ్వరి పోసింది. కుడిచేత్తోనే పోసింది. తన వంతు కూడా తాగింది. మిరియాలు నిజంగానే చాలలేదు.

జయమ్మాళ్ గిన్నె పక్కన పెట్టి, కొంగుతో మూతి తుడుచుకుని, పెద్దకూతురి వైపు చూడకుండా గోడకి చెప్పినట్టు చెప్పింది.

"పాలు మిగిలుంటే కొంచం కాఫీ పెట్టు."

లోకేశ్వరి లేచి వంటింట్లోకి పోయింది. డికాక్షన్ దించి, పాలు పొంగించి, మూడు గ్లాసుల్లో చిక్కగా కలిపింది. తన గ్లాసులో చక్కెర వేసింది, చెల్లెలి గ్లాసులో వేసింది. అమ్మ గ్లాసులో వేయకుండా అలాగే తెచ్చి చేతికిచ్చింది. జయమ్మాళ్ ఒక గుటక తాగింది, కూతురి మొహంలోకి చూసింది, చక్కెర అడక్కుండా గ్లాసు ఖాళీ అయ్యేదాకా తాగింది.