మూత లోపలి పెన్సిల్ రాత

నిన్న గరివిడిలోని నా రిపేరు షాపుకి ఎర్రమ్మ కూతురు ఒక పాత వీడియోగేమ్ పెట్టె తెచ్చింది. విప్పి చూడందే నేను దేనికీ కరెంటు ఇవ్వను. మరలు తీసి మూత కొంచెం ఎత్తగానే పాత సోల్డరింగు వాసన వచ్చింది. ఈ పెట్టెను ఒకప్పుడు కాల్చింది నేనే.

అప్పటికి ప్రకాశం మాస్టారి దగ్గర పనిలో చేరి ఏడాది. టీవీలు, రేడియోలు, తాను వెళ్ళే బాప్టిస్టు చర్చి మైకుసెట్టు, ఏదైనా ఆయనే బాగుచేసేవారు. ఏ సామాను విప్పినా లోపల ఏం మార్చారో మూత లోపలివైపు పెన్సిల్‌తో రాసేవారు. ఎందుకని అడిగితే, "రేపు ఇప్పినోడు మనలాంటోడే కదమ్మా. ఆడ్ని సీకట్లో ఒదిలేసి ఎల్లిపోతామేటి?" అన్నారు.

ఎర్రమ్మ భోగాపురం వైపు నుంచి వచ్చింది, చేపలమ్ముకునే మనిషి. ఓడలో పనిచేసిన తమ్ముడు జపాన్‌లో కొన్న పెట్టె అది. తమ్ముడు పోయాడు, పెట్టె మిగిలింది. ఒక బటన్ ఇరుక్కుపోయిందని తెచ్చింది. అలాంటిదే సింగపూర్‌ది ఒకటి ఆ ముందు వారమే మన కరెంటుకి హాయిగా నడిచింది. పైకి రెండూ కవలపిల్లలే, మా షాపు వైరు దీనికీ సరిపోయింది. ఏడాది పనికే అన్నీ వచ్చేశాయన్న పొగరు నాది, ప్లగ్గు పెట్టేశాను. జపాన్ కరెంటు నూరు వోల్టులేనని, తమ్ముడు దీనికి వేరే ట్రాన్స్‌ఫార్మరు వాడేవాడని, అది ఇంట్లోనే ఉండిపోయిందని తరవాత తెలిసింది. ముందు పొగ వచ్చింది.

"ఓలమ్మో, నా తమ్ముడే!" అంటూ ఎర్రమ్మ ఆ పెట్టెను ఒడిలోకి లాక్కుంది. మాస్టారు లేచి వచ్చి, "తప్పు నాదేనమ్మా. నానే సూసుకోనేదు. నెల్లాళ్ళు టైమియ్యి" అన్నారు. ఆవిడ వెళ్ళాక నేను ఏడుస్తుంటే తిట్టలేదు. "పైడొప్ప ఒక్కలాగే ఉంటాది. లోపల బోర్డు దేశానికొకటి, ఏడాదికొకటి. ముందు ఇప్పి సూడు, ఆనక కరెంటియ్యి" అన్నారు, అంతే.

నెల తిరక్కుండా దాన్ని బతికించారు. జపాన్ వాళ్ళ రంగుల పద్ధతి మా టీవీకి పడక బొమ్మ నలుపు తెలుపుల్లోనే వచ్చింది. రంగు కూడా తెప్పిస్తానని మాస్టారు అనబోతే ఎర్రమ్మ ఆపింది. "ఉంచీ బాబూ. మా తమ్ముడు ఆడినప్పుడూ ఇలాగే ఉండీది."

నా పని నిలబెట్టడానికే ఆయన ఆరోజు తప్పు తనదన్నారని, మనసులో నామీద కోపం ఉండే ఉంటుందని ఇన్నాళ్ళూ అనుకున్నాను. మాస్టారు పోయి నాలుగేళ్ళు. నిన్న మూత పూర్తిగా తిరగేస్తే ఆయన గుండ్రటి అక్షరాలు కనిపించాయి: "జపాన్‌ది. నూరు వోల్టులే. పవర్ బోర్డు కాలింది, బాగుచేశాను. తప్పు నాది. ప్రకాశం."

ఎర్రమ్మ ఎన్నటికీ చూడని చోట కూడా నా పేరు రాయలేదు. చాలాసేపు ఏడ్చాను. తరవాత పెన్సిల్ చెక్కి, ఆయన రాత చెరపకుండా దాని కిందే రాశాను: "కాదు మాస్టారూ. ప్లగ్గు పెట్టింది నేను. సుగుణ."