గుర్రపుడెక్క పూల ఫొటో

నందివాడ దాటాక పంట కాలవ నిండా ఊదా రంగు పూలు కనిపించాయి. ఆటో ఆపించి ఫోన్ తీశాను. నడుంలోతు నీళ్లలో దిగి ఆ మొక్కల్ని పీకుతున్న పదిమంది ఫొటోకి అడ్డం వస్తున్నారు.

“కాస్త పక్కకు జరుగుతారా? అయినా ఇంత అందమైన పూలని పీకేస్తున్నారెందుకండీ?” అన్నాను. పట్నం తెలివి మరి.

వాళ్లలో పెద్దాయన నడుం నిటారు చేసి, చేతిలోని మొక్కని గట్టు మీదకు విసిరాడు.

“గుర్రపుడెక్కండీ ఇది. దీని అందం చూస్తూ కూర్చుంటే కింద చేలకి చుక్క నీరు పోదు. నారుమళ్లు ఎండిపోతున్నాయి. అందుకే మా ఊళ్లో ఇంటికొకరు దిగాలని కట్టుబాటు. తమరు మా ఊరివారైతే ఈపాటికి మా పక్కనే ఉండేవారు. జరగమన్నారు కదండీ, జరుగుతున్నాం. తీసుకోండి.”

నిజంగానే అందరూ జరిగారు. అంత మర్యాదగా నన్ను ఎప్పుడూ ఎవరూ తిట్టలేదు.

సిగ్గున్నవాడైతే ఫోన్ జేబులో పెట్టుకునేవాడు. నేను ఫొటో తీశాను. ఓ మూల పెద్దాయన చెయ్యి పడితే, దాన్ని కూడా కత్తిరించి స్నేహితులకు పంపాను.

“ఎంత ప్రశాంతంగా ఉందో!” అన్నారందరూ.