మేడమీద మధ్యగొంతు

జర్మనీ దేశపు ఒపెరా గాయని గొంతుని కాపాడినవాణ్ణి నేను. నమ్మకపోతే భిలాయి నెహ్రూ నగర్‌లో మా వీధిలో ఎవర్నైనా అడగండి. ఎవర్నైనా అంటే మా పక్కింటి బావని తప్ప. వరసకి బావ కాడు. శ్రీకాకుళం నుంచి ఒకే ఏడు వచ్చి ఇక్కడి స్టీల్ ప్లాంటులో ఒకే మిల్లులో చేరాం కనక బావ. క్రేన్ ఆపరేటరుగా రిటైరయ్యాడు. పైనుంచి మనుషుల్ని చూసి చూసి, ఎవర్నీ పెద్దవాళ్లని ఒప్పుకోని అలవాటు పడిపోయింది.

మా మేడమీద వాటా ఖాళీగా ఉన్న రోజుల్లో ప్లాంటులో కొత్త యంత్రం బిగించడానికి ఒక జర్మన్ ఇంజనీరు వచ్చాడు. గెస్ట్‌హౌస్ తిండి పడక, ఇల్లు వెతుక్కుంటూ భార్యతో సహా మా గేటు ముందు ఆగాడు. ఆ ఒప్పందం నేనే జర్మన్ భాషలో మాట్లాడి కుదిర్చానని చాలామందికి చెప్పాను. నాకొచ్చిన జర్మన్ రెండే మాటలు. మా మిల్లులో ఒక పాత యంత్రం మీద ఎర్రరంగుతో రాసి ఉండేవి. ఒకదానికి అర్థం ప్రమాదం, రెండోదానికి ముట్టుకోరాదు. ఇల్లు అద్దెకిచ్చేటప్పుడు పనికొచ్చే మాటలు కావవి. మాట్లాడింది మా ఆవిడ. సెక్టర్ 4 బళ్లో ఇంగ్లిష్ టీచరుగా చేసి రిటైరయింది. నేను పక్కన నిలబడి "గుడ్ వాటర్, గుడ్ నైబర్" అన్నాను. రెండోమాట దగ్గర బావ తన డాబా మీంచి దగ్గాడు.

వాళ్లు దిగిన మర్నాడు పొద్దున్నే మేడమీద నీళ్లమోటారు కాలిపోతున్న చప్పుడు. బుర్రుమని మొదలై పైకి లేస్తోంది, మళ్లీ జారుతోంది. ప్లగ్గు పీకేద్దామని మెట్లెక్కి పరిగెత్తాను. మోటారు చల్లగా ఉంది. ఇంజనీరు భార్య వరండాలో నిలబడి, పెదవులు గుర్రంలా ఆడిస్తూ ఆ చప్పుడు చేస్తోంది. నన్ను చూసి ఆపి, చేతులు జోడించింది. గొంతుకి అది పొద్దుటి కసరత్తట. అలా తెలిసింది ఆవిడ ఒపెరా గాయని అని.

తర్వాత తర్వాత ఆవిడ సాయంత్రాలన్నీ మా వంటింట్లోనే గడిచాయి. స్టూలు మీద కూర్చుని, అల్లం టీ గాజుగ్లాసు రెండు చేతులతో పట్టుకుని, ఇంగ్లిష్‌లో నెమ్మదిగా చెప్పేది. మా ఆవిడ నాకు తెలుగు చేసేది. వీధిలో అందరూ పిలిచినట్టే నన్ను దాదాజీ అంది. మా ఆవిణ్ణి మాత్రం దీదీ అంది. ఒకే ఇంట్లో పెళ్లాం అక్క, మొగుడు తాత. దీనిమీద నేను తెలిపిన అభ్యంతరం ఎవరూ పట్టించుకోలేదు.

రొట్టెల దుకాణం వాళ్లమ్మాయట. చర్చిలో పిల్లలు పాడేటప్పుడు చిన్నప్పుడే రెండో వరసలో నిలబెట్టారట, గొంతు కింద పలుకుతోందని. సంగీతం కాలేజీలో ఆ గొంతుకి మెజ్జో-సొప్రానో అని పేరు పెట్టారు. ఆడగొంతుల్లో మధ్యది. పైగొంతున్న ఆవిడ నాయిక. ప్రేమించడం, పాడడం, చచ్చిపోవడం అన్నీ ఆవిడవే. మధ్యగొంతుకి మిగిలేవి నాయికకి శాలువా కప్పే దాసి, మంత్రగత్తె, కొడుకు కోసం ఏడ్చే తల్లి. పాతికేళ్లు నిండకుండానే బట్టతల కొడుక్కి తల్లి వేషం వేసిందట. ఇంకా మగపిల్లాడి వేషాలు, కోటూ బూట్లూ వేసుకుని. మా ఊళ్లో నాటకాలకి మీసాలు గీయించుకుని ఆడవేషం కట్టిన మగవాళ్లని చూశాను గానీ, ఇలా తిరగేసి చూడలేదు. ఒకసారి మా వంటింట్లోనే పిల్లాడిలా నడిచి చూపించింది. చేతులు జేబుల్లో పెట్టి, మడమలు నేలకి కొడుతూ. యాభై దాటిన మనిషి, క్షణంలో పదహారేళ్ల పోకిరీ అయిపోయింది. మా ఆవిడ అట్లకాడ పట్టుకుని అలాగే ఉండిపోయింది, అట్టు మాడిపోయింది.

ఆవిడ రాజుల ముందు పాడిందని నేను వీధిలో చెప్పేశాను. ఆవిడ చెప్పిందేమో, మధ్యరకం ఊరు, మధ్యరకం థియేటరు, రెండో అంకంలో నిద్రపోయే ముసలివాళ్లు.

ఆ థియేటర్లోంచి తనని ఎలా తీసేశారో ఒక సాయంత్రం చెప్పింది. అక్కడ పాడేవాళ్లకి ఏడాదికేడాది కాంట్రాక్టట. ఒకే చోట వరసగా ఇన్నేళ్లు దాటితే మనిషి పర్మనెంటు అయిపోతుంది, ఇంక కదపలేరు. అందుకని ఆ ఏడు రాకముందే పిలిచి, వచ్చే సీజనుకి కొనసాగించడం లేదంటారు. ఊరికే అనకూడదట, కూర్చోబెట్టి మన మాట వినాలని నియమం. విన్నారట. కాఫీ కూడా ఇచ్చారట. తర్వాత తీసేశారట.

నేను యూనియన్లో తిరిగినవాణ్ణి. కాంట్రాక్టు పనివాళ్లకి పర్మనెంటు అయ్యే సమయానికి సర్వీసు తెగ్గొట్టడం ఎన్నిసార్లు చూశానో. పాట పాడేవాళ్లకీ ఇదే లెక్కా?

"మేడమ్! గేట్ మీటింగ్! ఫ్లాగ్! స్లోగన్!" అని స్టూలు మీంచి లేచాను.

"కూర్చోండి, బీపీ మనిషి" అంది మా ఆవిడ. "గేటు జర్మనీలో ఉంది."

ఆవిడ నవ్వింది. ఆ నవ్వు కూడా కింది స్థాయిలోనే ఉండేది.

చలికాలం మొదట్లో ఆ థియేటర్ నుంచే ఫోన్ వచ్చింది. ఏదో వేషానికి పెట్టుకున్న అమ్మాయి మానేసింది, ఆ వేషం ఈవిడకి కంఠతా వచ్చు. వచ్చి పాడితే మళ్లీ లోపలికి దారి దొరకొచ్చు. అయితే కొత్తగా వచ్చిన సంగీత దర్శకుడికి ముందు ఒకసారి పాడి వినిపించాలి. ఆ వార్త చెప్పడానికి కిందికి దిగింది మొగుడు. మనిషి ముఖమంతా వెలుగే. ఆవిడ వెనకాల మెట్లమీద నిలబడింది, గొంతు చుట్టూ మఫ్లర్. ఉద్యోగం పోయినచోటే మళ్లీ ఉద్యోగం. ఇంతకంటే ఏం కావాలి? నేను స్వీట్లు తెప్పించాను.

కాని గొంతు సహకరించలేదు. చలికాలంలో ఇక్కడ గాలి కిందికి దిగి కూర్చుంటుంది, దుమ్ముతో సహా. దానికితోడు బావ సరిగ్గా అప్పుడే మేడమీద మరో గది మొదలుపెట్టాడు. ఇసక జల్లించడం, ఇటికలు దింపడం. పొద్దున్న నేను పేపరు పట్టుకుని కింద కూర్చుంటే పైనుంచి పాట మెట్లు మెట్లుగా ఎక్కేది. ఒక్కో మెట్టుకీ నేనూ ఊపిరి బిగబట్టేవాణ్ణి. ఒకచోటికి వచ్చేసరికి విరిగిపోయేది. మళ్లీ మొదలు, మళ్లీ అక్కడే విరిగేది. ఆ తర్వాత నిశ్శబ్దం. ఆ నిశ్శబ్దంలో పేపర్లో ఏం చదివానో ఒక్కరోజూ గుర్తులేదు.

బావ దగ్గరికి వెళ్లాను.

"ఇసక పని నాలుగు వారాలు ఆపీ బావా. ఆవిడ గొంతు పాడైపోతంది."

"ఆవిడ గొంతుకి నా ఇంటికీ ఏటి సంబంధం? నా స్లాబుకి సెంట్రింగు కట్టీసి ఉంది. వాన పడితే నువ్వొచ్చి గొడుగు పడతావేటి?"

"ఆర్టిస్టు రా ఆవిడ!"

"నీకంటే ఆర్టిస్టా? నలభై ఏళ్లబట్టి చూస్తన్నాను, నీయంత ఆర్టిస్టుని భిలాయిలో నేనెక్కడా చూళ్లేదు. ఫో, ఫో."

బావ పని ఆపించానని అందరికీ చెప్పాను. ఆపలేదు. గోనెపట్టాలు తడిపి తన పిట్టగోడకి కట్టించాడు, అంతే. అది కూడా నా మాట విని కాదు, వాళ్లావిడ తిడితే.

వీధిలో నీళ్లు చల్లించడానికి పక్కూరు జాముల్‌లో తెలిసినవాడి టాంకర్ కోసం మూడు పూటలు తిరిగాను. ఒక్కరోజు వచ్చింది. నీళ్లు సగం మా గేటు ముందే పోసి, వీధంతా బురద చేసి పోయింది. అతిమధురం, మిరియాలు, కరక్కాయ దంచి కషాయం కాచాను. రెండు పూటలా మా ఆవిడ చేత చెంబుతో పైకి పంపేవాణ్ణి, ఖాళీ చెంబు కిందికి వచ్చేది. చెవి, ముక్కు, గొంతు డాక్టరు దగ్గరికి ఆటోలో తీసుకెళ్లాం. ఆయన గొట్టం పెట్టి చూసి, లోపల అంతా శుభ్రంగా ఉంది, మాట్లాడకుండా విశ్రాంతి ఇవ్వండి అన్నాడు.

దాంతో ఆవిడ మాటలు మానేసింది. అది మార్గశిరం, ఆ రోజు లక్ష్మివారం. వీధిలో మన ఆడవాళ్లంతా ఇళ్లు కడిగి, ముగ్గులు పెట్టి, అమ్మవారి పూజలో ఉన్నారు. "మీ మేడమీదావిడ పలకరిస్తే పలకడం లేదేటి?" అని అడిగింది ఎదురింటావిడ. నా నోరు ఊరుకోదు కదా. "మౌనవ్రతం. అమ్మవారికి మొక్కుకుంది" అన్నాను. సాయంత్రానికల్లా పసుపు, కుంకుమ, అరటిపళ్ల పళ్లేలతో మెట్లు నిండిపోయాయి. ఆవిడ ఒక్క మాటా అడగడానికి లేదు, ఒక్క మాటా చెప్పడానికి లేదు. బొట్టు పెట్టించుకుంది, గుమ్మడికాయ ముక్కల పులుసు పుచ్చుకుంది, ఒక పసిబిడ్డని ఒళ్లో పెడితే ఎత్తుకుంది. మొగుడు ప్లాంటు నుంచి వచ్చి, గుమ్మంలో చెప్పుల గుట్ట చూసి మళ్లీ కిందికి దిగిపోయాడు. పై లక్ష్మివారానికి సెక్టర్ 4 నుంచి కూడా వచ్చారు. బళ్లో పిల్లల తల్లులుగా తెలిసినవాళ్లందరికీ సర్దిచెప్పలేక మా ఆవిడ తల పట్టుకుంది. నాతో రెండు రోజులు మాట్లాడలేదు. అది మాత్రం వ్రతం కాదు.

మౌనం వల్ల కూడా ఏమీ ఒరగలేదు. విశ్రాంతి అయ్యాక పాడితే, పాట ఇంకో మెట్టు కిందనే విరిగింది. మొగుడు సాయంత్రం మా దగ్గరకొచ్చి కూర్చునేవాడు. అంత పెద్ద యంత్రాన్ని వెంట్రుకవాసి తేడా లేకుండా బిగించే మనిషి, చేతులు రెండూ మోకాళ్లమధ్య పెట్టుకుని నేల చూసేవాడు. నేను "టుమారో గుడ్" అనేవాణ్ణి. ఆయన తలూపేవాడు. ఇద్దరం మేడవైపు చెవులు పెట్టి అలాగే ఉండిపోయేవాళ్లం. మిల్లులో ఏదైనా చెడితే నాకు ఏదో ఒకటి తోచేది. సుత్తి ఎక్కడ వెయ్యాలో, ఎవడిమీద అరవాలో తెలిసేది. గొంతులో ఎక్కడ వెయ్యను సుత్తి?

చివరికి ఒక మధ్యాహ్నం వరండాలో నిలబడి ఫోన్లో వాళ్లకి చెప్పేసింది. జర్మన్‌లోనే చెప్పింది. మాట్లాడినంతసేపూ గొంతు మామూలుగానే ఉంది. తర్వాత మెట్లమీద కూర్చుంది. నేను కింది మెట్టు దగ్గర చెంబుతో నిలబడ్డాను, పైకెక్కాలో వెనక్కి వెళ్లాలో తెలియక. ఆవిడే దిగొచ్చి, చెంబు నా చేతిలోంచి తీసుకుని, నా భుజం తట్టింది. కాపాడవలసినవాణ్ణి నేను, ఓదార్పు పొందిందీ నేనే.

వేసవి రాకముందే యంత్రం పని పూర్తయింది, వాళ్లు వెళ్లిపోయారు. రాయపూర్ ఎయిర్‌పోర్టుకి కారెక్కుతూ మా ఆవిణ్ణి వాటేసుకుని చాలాసేపు చెవిలో ఏదో చెప్పింది.

కాబట్టి మొదట రాసిన మాట ఇప్పుడు సరిచేస్తున్నాను. నేను ఏ గొంతూ కాపాడలేదు. ఒక గాయని గొంతు నా ఇంట్లో, నా మేడమీద, నా కళ్లముందు పోయింది. నేను టాంకర్ల వెంట తిరుగుతూ ఉండిపోయాను. ఊళ్లో దుమ్ముకి ఎవరూ జవాబుదారీ కాదు. ఆవిడకి మాత్రం వెనక్కి వెళ్లే దారి మూసుకుపోయింది.

ఇంతవరకూ రాసి మా ఆవిడకి ఇచ్చాను. టీచరమ్మ కదా, తప్పులు దిద్దుతుందని. కళ్లజోడు పెట్టుకుని మొత్తం చదివింది. నేను కళ్లు తుడుచుకుంటుందేమోనని చూస్తున్నాను. కళ్లజోడు తీసి కాగితాల మీద పెట్టింది.

"ఏటండీ ఇది? గొంతు పోయిందని ఎవరు చెప్పేరు మీకు?"

"చెప్పడమేంటి, రోజూ విన్నాను కదా!"

"మీరూ ఆయనా వినాలనే అలా విరగ్గొట్టి పాడింది. మీరు టాంకరు కోసం జాముల్ పోయినప్పుడు ఇదిగో, ఈ వంటింట్లో తలుపులేసుకుని పాట మొత్తం పాడింది నాకోసం. గిన్నెలు మోగేయి."

నేను గిన్నెల అరవైపు చూశాను.

"మరి వెళ్లలేదేం?"

"ఎందుకెళ్తాది? అన్నేళ్లు పాడిన చోటకి మళ్లీ కొత్తపిల్లలా పరీక్ష ఇమ్మంటే? ఇచ్చినా ఏటవుతాది, మళ్లీ అదే ఏడాది కాంట్రాక్టు. వద్దు దీదీ, ఇంక నిలబడను వాళ్ల ముందు అంది. వద్దని ఊరికే అంటే మీరిద్దరూ ఊరుకుంటారేటి? ఆయన బతిమాలతాడు, మీరు జెండా పట్టుకుంటారు. గొంతు రావట్లేదంటే ఇంక ఎవరూ ఏటీ అనలేరు."

"నాకొక్క మాట చెప్పొచ్చు కదా!"

"మీకు చెప్తే సాయంత్రానికి సెక్టర్ 4 దాకా తెలిసిపోయేది. కషాయం కూడా ఆవిడ తాగలేదు, నేనే సింకులో పోసీదాన్ని. గొంతు పోనూ లేదు, మీరు కాపాడనూ లేదు. ఇదంతా కొట్టీండి."