అట్ట మీదికెక్కిన అమ్మ చీర

బరంపురంలో పట్టు నేసేవాళ్ళు వీధివీధినా ఉండేవారు. కాలాన్ని నేసేవాళ్ళు మాత్రం నలుగురే. ఆ నలుగురూ కాలేజీ లెక్చరర్లు. ఎమర్జెన్సీ పోయిన కొత్తలో మూణ్ణెల్లకోసారి వాళ్ళొక పత్రిక వేసేవారు. బట్టలోకి కాలాన్ని ఎలా నేస్తారో పరిశోధించడం దాని పనిట. ఆ పత్రిక పేరు చదవడానికి మధ్యలో ఒకసారి ఊపిరి తీసుకోవాలి. లోపల ఉన్నది చదవడానికి ఊళ్ళో ఎవరూ ఊపిరి ఖర్చు పెట్టలేదు. రాసేదీ వాళ్ళే, చదివేదీ వాళ్ళే, "అద్భుతం" అని ఒకరికొకరు ఉత్తరాలు రాసుకునేదీ వాళ్ళే.

పడుగు భూతకాలం, పేక వర్తమానం అని ఒకాయన రాశాడు. కాదు, పేకే భూతకాలం అని తర్వాతి సంచికలో ఇంకొకాయన విరుచుకుపడ్డాడు. ఈ తగువు తీర్చుకోవడానికి గోపాలపూర్‌లో సముద్రం పక్కన సభ పెట్టుకున్నారు. చేపల పులుసు బాగుందనీ, తగువు మాత్రం తీరలేదనీ విన్నాను.

మాది ఆ ఊళ్ళోనే, గోసాని నువాగాం పేటలో మగ్గం ఇల్లు. నాన్న నేసేవాడు, అమ్మ కండెలు చుట్టేది, నేను కాలేజీకెళ్ళేదాన్ని. ఆ పత్రిక సంపాదకుడు నాకు పాఠం చెప్పే లెక్చరరే. బజార్లో పెద్ద బట్టల కొట్టున్న తెలుగు షావుకార్ల బిడ్డ. పట్టు తానుల మీద పొర్లి పెరిగాడు గానీ మగ్గం గుంటలో ఏనాడూ కాలు పెట్టి ఎరగడు. మాటలు మాత్రం కోటలు దాటేవి.

అమ్మకొక పసుపుపచ్చ పట్టుచీర ఉండేది. దాని మధ్యలో అడ్డంగా సన్నటి గీత. మగ్గం కొన్నాళ్ళు ఆపితే పడుగు సాగిపోతుంది, మళ్ళీ మొదలెట్టినచోట అలాంటి గీత పడుతుంది. అది లోపం. ఏ షావుకారూ ఆ చీర కొనడు. అందుకే చీర మగ్గం మీదుండగా ఎవరూ పని ఆపరు. కానీ మా ఇళ్ళలో పురుడొచ్చినా చావొచ్చినా మైల పోయేదాకా మగ్గం ముట్టుకోరాదు.

ఆ చీర సగంలో ఉండగా నాకు తమ్ముడు పుట్టాడు. ఇక్కడి ఒడియావాళ్ళలాగే మేమూ ఏకోశియానాడు, అంటే ఇరవయ్యొకటో రోజున, పేరు పెడతాం. అస్కా నుంచి మేనత్త బెల్లం కూడా తెచ్చింది. ఆ రోజు రాకముందే వాడు పోయాడు. పురుటి మైల మీద చావు మైల. వాడికి పేరు లేదు, ఫోటో లేదు, పుట్టినట్టు ఎవరూ ఎక్కడా రాయించలేదు. మైల తీరాక నాన్న మిగతా చీర నేసి అమ్మ చేతిలో పెట్టాడు. వాడు ఈ లోకానికి వచ్చాడనడానికి మాకు మిగిలింది ఆ గీతే.

పాత బట్టలు వెతుక్కుంటూ ఒకరోజు మా లెక్చరరు మా వీధికొచ్చాడు. దండెం మీద నీడకి ఆరేసిన చీర చూసి, చెప్పులు విప్పకుండానే లోపలికొచ్చేశాడు. "ఇక్కడ కాలం ఆగిపోయింది!" అని కేకేశాడు.

ఎవరూ చెప్పకుండానే ఈయనకి తెలిసిపోయిందనుకుంది మా పిచ్చి అమ్మ. కళ్ళు తుడుచుకుంటూ మొత్తం చెప్పింది. ఇల్లు కాలి ఒకడేడుస్తుంటే చుట్టకి నిప్పడిగాడట ఇంకొకడు. ఈయన నిప్పడగలేదు, ఫోటో అడిగాడు.

"తీసుకో బాబూ," అంది అమ్మ. "మా గుంటడి మాట కూడా రాస్తావేటి? పేరు లేకపోతే పోనీ. ఒకడు పుట్టినాడని రాయి, సాలు."

"రాయకుండా ఎలాగమ్మా?" అన్నాడు ఆయన.

అచ్చులో పడితే వాడు ఉన్నట్టేనని అమ్మ నమ్మింది. అప్పట్నుంచీ నేను కాలేజీ నుంచి రాగానే "వొచ్చిందేటే?" అని అడిగేది. అంత ఆశగా అమ్మ ఇంకెప్పుడూ దేనికీ ఎదురుచూడలేదు.

పత్రిక ఆయనే స్వయంగా తెచ్చాడు. అట్ట నిండా అమ్మ చీర గీత. అమ్మకి చదువు రాదు. కొంగుతో చెయ్యి తుడుచుకుని అట్టని నిమిరి, నాకిచ్చి చదవమంది. చదివాను. "అజ్ఞాత కళాకారుడు బుద్ధిపూర్వకంగా పాటించిన మౌనం" అని ఉంది. ఆ అజ్ఞాత కళాకారుడు అక్కడే మగ్గం గుంటలో కూర్చుని వింటున్నాడు. పుటలు తిప్పుతూ పోయాను. చీర పొడవుంది, వెడల్పుంది, కెమెరా అరువిచ్చినాయనకి కృతజ్ఞతలున్నాయి.

"గుంటడు ఏడే?" అంది అమ్మ.

నాకు ఒళ్ళు మండిపోయింది. ఆ కాగితాలు పొయ్యిలో పెట్టినా పొయ్యికి మైలే అనిపించింది. "బాబు సంగతి రాస్తానన్నారు కదండీ?" అని ఆయన్నే అడిగాను.

ఆయన తాపీగా టీ చప్పరించాడు. "ఇది పరిశోధన పత్రికమ్మా. ఇంటి సంగతులు రాస్తే స్థాయి పడిపోతుంది," అన్నాడు. సిగ్గుపడలేదు సరికదా, అమ్మ వైపు తిరిగి కలం తీశాడు. "వచ్చే సంచికకి ఇంకో అట్ట కావాలి. ఇలా గీత పడిన చీర మీ ఇంట్లో ఇంకోటి ఉందా అమ్మా?"

అమ్మ నా చేతిలోంచి పత్రిక తీసుకుని, మూసి ఆయన ఒళ్ళో పెట్టింది.

"నేదు బాబూ," అంది. "నాకు ఒక్కడే పోయినాడు."