తొమ్మిదో తరగతి కేసు

మీ పెద్దనాయిన బిడ్డ, అక్క బడికెందుకు పోతలేదని మొన్న ఫోన్ల ఈ నాయినమ్మను అడిగిండ్రు కదా పిల్లలూ. అది పక్కనే కూసోని చీరెకు రాళ్లు అతికిస్తుండె, అందుకే మాట మార్చిన. ఇప్పుడు చెప్త, జర వినుండ్రి.

ఈడ సూరత్‌ల మన మగ్గాలోళ్ల పిల్లలు సదివే తెలుగు బడి ఎనిమిది దాంకనే ఉండె. సార్లకు జీతం సర్కారిస్తది. ఎనిమిది అయినంక ఆడపిల్లలు ఇంట్ల కూసునుడే. అందుకని బడోళ్లు తొమ్మిది పెడ్తమని అర్జీ పెట్టిండ్రు. పర్మిషన్ వస్తదనే నమ్మకంతోని తరగతి సురూ గూడ చేసిండ్రు. సర్కారు సదువుల ఆఫీసోళ్లు కుదరదన్నరు. బడోళ్లు హైకోర్టుకు పోయిండ్రు. కేసు తేలేదాంక నడిపించుకొమ్మని కోర్టు చెప్పింది.

లాక్‌డౌన్ పడ్డ ఏడు మీ అక్కను పరీక్ష లేకుంటనే పాస్ చేసి, తొమ్మిదిల పేరు రాసిండ్రు. గప్పుడే మగ్గాలు బందయినయి. మేముండే పర్వత్ పాటియాల మా గల్లీకి గల్లీ మూటలు కట్టింది, ఊరికి పోవుడే అని.

మీ నాయిన చిన్నగున్నప్పుడు గిట్లనే ఊరికి పోయినం. టీసీ లేదని అక్కడి బడోళ్లు చేర్చుకోలే, వానికి ఒక ఏడు పోయింది. గప్పటిసంది సూరత్ ఇడుసుడంటే నాకు ముందుగాల టీసీనే యాదికొస్తది. మూతికి కొంగు కట్టుకోని బడికి పోయిన.

హెడ్మాస్టర్ సారు అన్నడు, "అమ్మా, టీసీ ఇప్పుడు తీస్కోకుండ్రి. కేసు నడుస్తున్నది. పిల్లల పేర్లే మనకు బలం."

"సారూ, కేసు మీది, పిల్ల మాది," అన్న.

ఆయన రాసిచ్చిండు. నేను గేటు దాటకముందే మా గల్లీ ఆడోళ్లు వరుస కట్టిండ్రు. పెద్దామె తీసుకున్నదంటే మనమూ తీసుకోవాలె అన్నట్టు. గా రోజు పదకొండు టీసీలు పోయినయి, నాది కాక.

మగ్గాలు మళ్ల తిరిగినయని దసరా ముంగట ఊరినుంచి సూరత్‌కు వాపస్ వచ్చినం. ఊర్ల బళ్లే తెరువలే, టీసీతోని పనే పడలే. కోర్టు కంప్యూటర్ల నడుస్తుండె. సారు రూం కిటికీకాడ నిలబడి మేము నలుగురం చూసినం. సర్కారు వకీలు ఏదో సదివిండు, జడ్జి తల ఊపిండు, మాకేం సమజ్ కాలే. సారు బయటకొచ్చి చెప్పిండు: "తొమ్మిదిల ఉన్న పన్నెండు మందీ పోయిండ్రట, పిల్లలే లేని తరగతి ఎవలకు అని అడిగిండ్రు. ఆఫీసోళ్లు మళ్ల వచ్చి చూసేదాంక తొమ్మిది ఆపుమన్నరు."

పక్కింటి కోడలు మూతి తిప్పింది. "కేసు మీది, పిల్ల మాది అన్నవట కదా అత్తా. ఇగో, ఇప్పుడు కేసు గూడ నీదే అయింది."

తెల్లారి నేను టీసీ తీస్కపోయి సారు ముంగట పెట్టిన. "తప్పయింది సారూ, మళ్ల చేర్చుకోండ్రి."

"దేంట్ల చేర్చుకోవాలమ్మా? తరగతే ఆగిపాయె."

భయంతోని తీసుకున్నం, పిల్లలు ఈడనే ఉన్నరని బడి తరఫు వకీలు మాతోని రాయించిండు. ఏడుగురం సంతకం పెట్టినం, మిగిలినోళ్లు ఊరికెళ్లి రానే లేదు. ఆఫీసోళ్లు వచ్చి చూస్తమన్నరు. వచ్చినప్పుడు బడి తలుపులకు ఇంకా కరోనా తాళమే ఉండె, పిల్లలు ఫోన్ల సదువుతుండిరి. ఏం చూస్తరు? తారీఖు మీద తారీఖు పడ్డది.

మీ పెద్దనాయిన దాన్ని హిందీ బడిల చేర్చిండు. ఇంట్ల ఉన్నది ఒక్క ఫోను, అది ఆయన జేబుల కార్ఖానకు పోతది. సైన్సు దానికి తెలుగుల వస్తది, వాళ్లు అడిగేది హిందీల. నాలుగు నెల్లు చూసింది. ఒకనాడు పుస్తకాలు పక్కన పెట్టి వాళ్లమ్మతోని రాళ్ల పనికి కూసున్నది.

మొన్న మెల్లగ అడిగిన, "నా మీద కోపమా బిడ్డా?"

"కోపమెందుకు నాయినమ్మా. జరుగు, గమ్ము ఆరలే, నీ చీరెకు అంటుతది," అన్నది.

తిట్టినా బాగుండు.

వచ్చే నెల మళ్ల తారీఖున్నదట. ఈసారి పర్మిషన్ వస్తదని సారు అంటున్నడు. వస్తదేమో. వచ్చేసరికి దానికి పదహారు నిండుతయి. పదమూడేండ్ల పిల్లల నడుమ కూసుంటవా అని అడుగుదామంటే నాకు నోరు వస్తలేదు.